పాత కారునకు మంచుదీపములు

హేమంతమును వర్ణింపని కవి మనకు అరుదు. మంచును ముత్యములతో పోల్చినవారును, తెరలతో పోల్చినవారును పెక్కురు కలరు. ఇంటి అరుగుమీద గొంగడి కప్పుకొని కూర్చుండి చూచువానికి ఆ పోలికలన్నియు ఒప్పును. ఆ తెరలోనికి బండిని నడుపుకొని పోవలసినవానికి మాత్రము దాని యావల నేమున్నదో తెలియవలెను. మా నారాయణఖేడు ప్రాంతమున ధనుర్మాసము ప్రవేశించినది మొదలు సంక్రాంతి దాటువరకు పెక్కు ఉదయములు అట్టి తెరలోనే తెల్లవారును. నేను వ్రాయబూనినది ఆ తెరను గూర్చియు, ఒక పాత మారుతి 800 కారునకు మేము అమర్చుకొన్న రెండు దీపములను గూర్చియు. ఇంత చిన్న విషయమునకు ఒక వ్యాసమా యని చదువరులు నవ్వవచ్చును. కాని దీపము పెట్టుకొను తీరునందు సంఘము యొక్క గుణదోషములు కొన్ని బయటపడుచున్నవి, అందుచేత వ్రాయుచున్నాను.

మబ్బులేని చలిరాత్రి నేలలోని వేడి ఆకాశమునకు పోవును. నేల చల్లబడగా దాని నంటియున్న గాలియు చల్లబడును. ఆ గాలిలో తేమ యుండి, అది వీచక నిలిచియున్నచో, ఆ తేమ సన్నని నీటికణములుగా మారి నేలమీదనే మేఘమై పరుండును. చల్లని గాలి నీటివలె పల్లమునకు దిగునది గనుక, మెట్టమీద నిర్మలముగా నున్న బాట వాగు దగ్గరకు రాగానే హఠాత్తుగా తెల్లబడును. నల్లవాగు ఆయకట్టు పొలముల యొద్దను, మంజీర వైపు పల్లములలోను, చెరువు కట్టల క్రిందను ఈ మాయ తరచుగా కానవచ్చును. మంచు బాట పొడవునను ఒకే విధముగా నుండినచో మనుష్యుడు మొదటినుండియే జాగ్రత్తపడును. రెండు మైళ్లు వెలుతురు చూపి మూడవ మైలున కన్ను మూయుటయే దాని దుర్గుణము.

ఆ వేళ ఆ బాటమీద ఎవరెవరుందురో చెప్పవలెను. మా తాలూకా 1956 వరకు బీదరు జిల్లాలోనిది. ఆ యేట రాష్ట్రముల పునర్విభజనలో మెదకు జిల్లాకు వచ్చినది. 2016లో సంగారెడ్డి జిల్లా ఏర్పడగా అందు చేరినది. తెలుగు, కన్నడము, మరాఠీ, ఉర్దూ, తండాలలోని లంబాడీ భాష, ఇవన్నియు మా సంతలో వినబడును. దసరా దీపావళులు గడచిన పిమ్మట తండాల కుటుంబములు పెక్కు చెరకు కొట్టుటకై చక్కెర కర్మాగారములున్న చోట్లకు వలసపోవును. వంటపాత్రలు, మూటలు, చంటిపిల్లలు, ఒకటి రెండు మేకలు, అన్నియు ఒక ట్రాక్టరు ట్రాలీ మీదనే. ఆ ట్రాలీ వెనుక దీపముండుట అరుదు. ఉన్నను దాని తీగ ఎక్కడనో తెగియుండును. వీరుగాక పాలక్యానులు కట్టుకొన్న మోటారుసైకిళ్లు, పత్తి బోరెముల బండ్లు, చేలకు పోవు స్త్రీలు, గొఱ్ఱెల మందలు. వీరిలో ఎవరి మీదను వెలుగు లేదు. కారు నడుపువాని దీపమే వారందరికిని దీపము.

మా యింటినుండి ఆ వేళకు బయలుదేరునది మా కోడలు. ఆమె ఒక గ్రామ ఆరోగ్య కేంద్రమున నర్సు. చలికాలమున ఆరు గంటలకే ఇల్లు విడువవలెను. మా అబ్బాయి ఉద్యోగరీత్యా వారములో అయిదు దినములు పరస్థలమున నుండును. కారు ఆమెయే నడుపును. మొదటి సంవత్సరమున మా వాడకట్టులోని పెద్దలు కొందరు నాతో, ఆడపిల్లను ఆ మంచులోనికి పంపుట యేల, కొలువు మాన్పింపరాదా యనిరి. మంచు పురుషునికి పలుచబడి స్త్రీకి చిక్కబడునా యని నేనడిగితిని. దానికి వారు బదులు చెప్పలేదుగాని అభిప్రాయమును మార్చుకొనలేదు. ప్రమాదము కనబడినప్పుడు ప్రమాదమును తొలగించుటకు మారు స్త్రీని ఇంట కూర్చుండబెట్టుట మనకు అలవాటైన చికిత్స. బావి లోతైనదని నీళ్లు త్రాగుట మానుదుమా, గోడ కట్టుదుమా? మా కోడలు మాత్రము ఒక్కటే మాట చెప్పినది: "మామయ్యా, నన్ను దిగబెట్టేటోళ్లు వద్దు. బాట కనబడేటట్టు చేస్తే చాలు."

ఏ దీపము పెట్టినను దానితో తీరని లెక్క యొకటి కలదు; దానిని ఆమెయే కాగితము మీద వేసినది. గంటకు 60 కిలోమీటర్ల వేగముతో పోవు బండి ఒక్క సెకనులో 16 మీటర్లకు పైగా సాగును. ఎదుట నేదో కనబడి, మనస్సు గ్రహించి, కాలు బ్రేకు మీద పడుటకు సెకనున్నర పట్టినచో అప్పటికే 25 మీటర్లు పోయినవి. ఆపై బ్రేకు పట్టి బండి నిలుచుటకు మంచి పొడిబాటమీదనే ఇంకొక 20 మీటర్లకు పైగా కావలెను. మంచుతో తడిసిన బాటయు అరిగిన టైర్లును అయినచో ఇంకను ఎక్కువ. అదే 30 కిలోమీటర్ల వేగమున మొత్తము 18 మీటర్లతో సరిపోవును. కాబట్టి 20 మీటర్ల దూరము మాత్రమే కనబడు మంచులో 30 కిలోమీటర్లకు మించుట గ్రుడ్డివాని పరుగు. మంచుదీపము వేగమును పెంచుకొనుటకు కాదని మొదటనే ఇంటిలో ఒప్పందము చేసికొంటిమి. అది బాట అంచును, ప్రక్కను నడచువానిని, గోతిని చూపును. అంతకుమించి దాని వలన ఆశింపరాదు.

మంచులో పెద్దలైటు వేసినవారు ఎరుగుదురు, ముందర తెల్లని గోడ యొకటి లేచి నిలుచును. కిరణములు నీటికణములకు తగిలి చెదరి, అందులో కొంత వెనుకకు మరలి నడుపువాని కంటిలోనే పడును. దీపము కంటికి సమీపమైన ఎత్తున నున్నకొలదియు, వెలుగు పైకి పోయినకొలదియు ఆ గోడ దట్టమగును. ఈ సూత్రమును మన బండివాండ్రు చదువులేకయే ఎరిగియుండిరి. రాత్రివేళ ఎడ్లబండికి లాంతరును ఇరుసు క్రింద వ్రేలాడదీసెడివారు. కన్నులకు వెలుగు తగులక, ఎద్దుల కాళ్లును బాటయు కనబడెడివి. 1932లో నిజాము సర్కారు రైల్వేవారు 27 బస్సులతో రోడ్డు రవాణా ప్రారంభించిననాడు మన బాటలమీద రాత్రి కనబడు దీపములలో అట్టి లాంతరులే అధికము. మంచుదీపమన ఆ ఇరుసు లాంతరే. దానిని క్రిందుగా బిగింతురు. వెలుగు ప్రక్కలకు వెడల్పుగాను, ముందునకు పొట్టిగాను పరచుకొనును. పైన కత్తితో కోసినట్లు ఆగిపోవును. ఆ కోత యెంత స్పష్టముగా నున్న దీపమంత మంచిది. ప్రకాశము తరువాతి మాట.

క్రొత్త దీపములు కొనుటకు ముందు పాత దీపముల రోగము చూడవలెనని నేను పట్టుబట్టితిని. 1983లో వెలువడి 2014లో తయారీ నిలిచిన ఈ జాతి కార్లు నేటికిని మా పల్లెబాటలమీద చాలినన్ని కలవు. మా కారు పదునైదేండ్ల రిజిస్ట్రేషను గడువు దాటి, మరల అయిదేండ్లకు పునరుద్ధరింపబడినది. ఇంజను బాగుగనే యున్నది, తీగలు ముసలివైనవి. మల్టీమీటరు పెట్టి చూడగా ఇంజను నడుచుచుండ బ్యాటరీ యొద్ద 13.8 వోల్టులును, హెడ్‌లైటు బల్బు యొద్ద 12.4 వోల్టులును తేలినవి. నూటికి పది వంతులు బాటలోనే కరిగినవన్నమాట. పోయిన విద్యుత్తు పది వంతులైనను పోయిన వెలుగు పది వంతులతో ఆగదు. తంతు బల్బు వెలుగు వోల్టేజి తగ్గుదలకంటె ఎన్నో రెట్లు వేగముగా పడిపోవును. పదివంతుల తగ్గుదలకు సుమారు ముప్పది వంతుల వెలుగు పోవును. ఎర్తు తీగను విప్పి, తుప్పును ఉప్పుకాగితముతో గీకి, గట్టిగా బిగించి, స్విచ్చి మీది భారమును తగ్గించుటకు ఒక రిలే పెట్టించితిమి. అప్పుడు అదే బల్బు క్రొత్త బల్బువలె వెలిగినది. దీనికైన ఖర్చు ఒక పూట సంత ఖర్చునకు మించలేదు. కన్ను కనబడుటలేదని ఇంకొక కన్ను కొనబోవుటకు ముందు ఉన్న కంటి పుసి తుడుచుకొనుట మంచిది.

తరువాత దుకాణము. అక్కడ దీపములు గోడనిండ వ్రేలాడుచున్నవి. జానెడు మొదలు మూరెడు వరకు పొడవున్న ఎల్.ఇ.డి. పట్టీలు, నీలిరంగు వెలుగులు, మిణుకుమిణుకుమను వింతలు. వైరింగు మేస్త్రీ సహృదయుడు. ఒక పట్టీ దీపమును తీసి వెలిగించి, "సాబ్, ఇది పెడితే ఊరంతా పగలైతది" అనెను. ఊరంతయు పగలగునుగాని ఎదుట వచ్చు మోటారుసైకిలువానికి అమావాస్య యగును. ఆ మాట చెప్పగా అతడు నవ్వి, "అందరు ఇదే అడుగుతరు సాబ్, గరీబు కారుకైనా షాన్ ఉండాలె గదా" అనెను. అతనియందు దోషము లేదు. పూర్వము దొరల మేనాల ముందు దివిటీలవాండ్రు పరుగెత్తెడివారు. దివిటీ దారి చూపుటకంటె దొర వచ్చుచున్నాడని చాటుటకే యెక్కువ. ఆ దివిటీ బుద్ధి మనలను విడువలేదు. పెండ్లి ఊరేగింపున, ఎన్నికల ఊరేగింపున, ఇప్పుడు కారు నెత్తిమీదను అదే వెలుగుచున్నది. 1989 నాటి కేంద్ర మోటారు వాహన నియమములలో 111వది వాహనము ముందర స్పాటులైటు, సర్చిలైటు అమర్చుటను నిషేధించి, విశేష సందర్భములలో మాత్రము రిజిస్ట్రేషను అధికారి ముందస్తు అనుమతిపై సమ్మతించినది. ఈ నియమము పుస్తకములోనున్నది. బాటమీద నున్నది వేఱొకటి.

ఎల్.ఇ.డి. అన్నంతనే చెడ్డదని నా యభిప్రాయము కాదు. దీపము, అద్దము, దర్పణము మూడును కలిపి మంచుకొరకే ఒక్క కూర్పుగా చేసినదైనచో అది తక్కువ విద్యుత్తుతో చక్కగా వెలుగును. హాలోజను బల్బు కొరకు చేసిన దర్పణములో ఎల్.ఇ.డి. బల్బును మాత్రము దూర్చుటయే చిక్కు. వెలుగు పుట్టుచోటు మిల్లీమీటరు జరిగినను దర్పణము దానిని ఎక్కడికో విసరును. ఆ కత్తికోత చెడి వెలుగు పైకి చిమ్మును. మేము హాలోజను దీపముల జతనే తీసికొంటిమి. ఒక్కొక్కటి 55 వాట్లు. పగిలినచో బల్బు మా ఊరిలోనే దొరకును. పాత కారునకు అది చిన్న గుణము కాదు.

పసుపా, తెలుపా అను వివాదము దుకాణములోనే పుట్టినది. పసుపు వెలుగు మంచును చీల్చుకొని పోవునని లోకప్రసిద్ధి. ఆకాశము నీలముగా కనబడుటకు కారణమైన సూత్రమును ఇక్కడ వాడుదురు. అది గాలిలోని అతి సూక్ష్మమగు అణువుల విషయమున సత్యము. మంచుకణము మిల్లీమీటరులో సుమారు నూరవవంతు. వెలుగు తరంగము వేయవవంతుకంటెను తక్కువ. తరంగముకంటె ఇంత పెద్దదైన కణము పసుపునకును తెలుపునకును పెద్దగా భేదము చూపక రెంటిని ఇంచుమించు సమానముగనే చెదరగొట్టును. ఫ్రాన్సు దేశమున 1936లో శాసనము చేసి కార్ల ముందు దీపములన్నియు పసుపుగా నుండవలెనని విధించిరి; 1993లో ఆ విధి తొలగినది. యాభై యేండ్లకు పైగా ఒక దేశమంతయు పసుపున నడిచినను మంచు వారికి దారి యీయలేదు. అయినను పసుపున కొంత సుఖము కలదు. నీలి భాగము తీసివేయబడుటచే కంటికి మిరుమిట్లు తక్కువగా తోచునని పెక్కుర యనుభవము. మా కోడలు పసుపునే కోరినది. నడుపునది ఆమె గనుక నా శాస్త్రచర్చ అంతటితో ముగిసినది.

అమర్చుటలో మొదటి విఘ్నము విచిత్రమైనది. బంపరు క్రింద దీపము బిగింపవలసిన స్థానముననే నిమ్మకాయయు ఏడు మిరపకాయలును వ్రేలాడుచున్నవి. వాడకట్టులో ఎవరో ప్రేమతో కట్టినవి. మేస్త్రీ దానిని ముట్టుటకు జంకెను. దిష్టి తగులకుండుటకు కట్టినది దృష్టికి అడ్డమగుచున్నదని చెప్పి మా కోడలే విప్పినది. మిరపకాయలు ఎండినవి గనుక వంటింటికి పనికి రాలేదు.

దీపముల యెత్తు విషయమున ఐక్యరాజ్యసమితి వాహన నిబంధనలు ఒక హద్దు చెప్పుచున్నవి. చిన్నకార్లకు నేలనుండి 25 సెంటీమీటర్లకు తక్కువ కారాదు, 80 మించరాదు. హెడ్‌లైటు కంటె ఎత్తునను ఉండరాదు. మా గుంతల బాటలకు 25 మరీ తక్కువ, మొదటి వానకే రాయి తగులును. 40 దగ్గర బిగించితిమి. బంపరు రేకు పలుచనిది. దానికే బిగించినచో దీపము వణకును, వణకు దీపము చూపునుగూడ వణికించును. అందుచేత లోపలి చట్రమునకు ఇనుపపట్టీ వేయించి దానిమీద నిలిపితిమి.

తీగల పనిని మేస్త్రీ అరగంటలో ముగింపబోయెను. హెడ్‌లైటు తీగనుండియే ఒక కొమ్మ తీసి కలిపిన చాలుననెను. రెండు దీపములు కలిసి 110 వాట్లు. 12 వోల్టుల బ్యాటరీనుండి తొమ్మిది ఆంపియర్లకు పైగా లాగును. ముసలి తీగమీద ఆ భారము పెట్టినచో అది వేడెక్కును, పైపూత కరగును, ఆపై కారు కాలును. కాబట్టి బ్యాటరీనుండి నేరుగా రెండున్నర చదరపు మిల్లీమీటర్ల మందపు తీగ, బ్యాటరీకి జానెడు దూరములోపలనే 15 ఆంపియర్ల ఫ్యూజు, అక్కడినుండి రిలే. రిలే కాళ్లమీద అంకెలుండును. 30 అనుదానికి బ్యాటరీ తీగ, 87కు దీపముల తీగ, 85, 86లకు స్విచ్చి తీగయు ఎర్తును. స్విచ్చిలో పోవునది పిసరంత విద్యుత్తు. పెద్ద భారమంతయు రిలే మోయును. స్విచ్చికి విద్యుత్తును పార్కింగు దీపము నుండి తీసికొంటిమి. కారు ఆపి దీపములు ఆర్పినపుడు మంచుదీపము మరచిపోయి వెలుగుచు బ్యాటరీని తాగివేయకుండ అది కాపాడును. తీగ ఇనుపరేకును దాటుచోట రబ్బరు కట్టు వేయించితిమి.

మా కోడలు ప్రక్కనే నిలిచి ప్రతి ముడిని అడిగి తెలిసికొన్నది. మొదట మేస్త్రీ జవాబులు నా మొగము చూచి చెప్పుచుండెను. ఆమె ఫ్యూజును తానే ఊడదీసి, మరల పెట్టి, రిలే టక్కుమను శబ్దమును విని, "ఎర్తు ఇంకా సరిగ బిగియలేదు, ఎడమది మసకగున్నది" అన్న తరువాత జవాబులు ఆమెకే చెప్పనారంభించెను. కారు తాళము స్త్రీ చేతికిచ్చి పరికరముల పెట్టె పురుషుని చేతనే యుంచు గృహములు మనలో పెక్కు. బాట నడుమ దీపమారినప్పుడు తాళము వలన ప్రయోజనమేమి? ఇప్పుడు ఆమె సంచిలో రెండు ఫ్యూజులు, ఒక బల్బు, ఒక స్క్రూడ్రైవరు ఉండును.

గురి పెట్టుట రాత్రి చేసితిమి. టైర్లలో గాలి సరిచూచి, సమతలమున కారును గోడకు 25 అడుగుల దూరమున నిలిపి, దీపముల మధ్యబిందువు ఎత్తును గోడమీద సుద్దతో గీచి, వెలుగు పైఅంచు ఆ గీతకు నాలుగంగుళముల క్రింద నుండునట్లు బోల్టులు బిగించితిమి. నడుపు మనిషి కారులో కూర్చుండియే చూడవలెను; బరువు మారినచో గురియు మారును. ఈ పని చేయక విడిచినచో ఎంత మంచి దీపమైనను ఎదుటివాని శత్రువే.

ముందు వెలుగు నాకు, వెనుక వెలుగు పరులకు. వెనుక మంచుదీపమనగా బ్రేకు దీపమువలె తీక్ష్ణమైన ఎఱ్ఱని దీపము. బ్రిటనులో 1980 ఏప్రిలు నుండి క్రొత్త కార్లకు అది తప్పనిసరి. మా కారునకు లేకుండుటచే 21 వాట్ల దీపమొకటి కుడివైపున పెట్టించితిమి. బ్రేకు దీపముతో పొరబడకుండ రెంటి నడుమ కనీసము పది సెంటీమీటర్ల యెడముండవలెను. మంచు తొలగగానే ఆర్పవలెను. లేనిచో వెనుకవాని కంటిలో అది నిప్పుకణిక. దానికి వేఱు స్విచ్చియు, స్విచ్చిమీద చిన్న సూచికయు పెట్టించుటకు మేస్త్రీ అదనముగా ఏమియు తీసికొనలేదు.

పుష్యమాసములో ఒక ఉదయము నేనును ప్రక్కన కూర్చుండి పోయితిని. జాతీయ రహదారి 161 వైపు పోవు బాటలో వాగు దగ్గర మంచు కమ్మినది. ఆమె పెద్దలైటు ఆర్పి, డిప్పరుతో మంచుదీపములు వేసినది. గోడ కొంత పలుచబడినది. దూరము పెరిగినదని చెప్పలేను. బాట రెండంచులు మాత్రము పసుపుగీతలవలె తేలినవి. వేగము 25. ఎడమ అంచున మొదట కాళ్లు కనబడినవి. పాదముల కడియములు, ఆపై లంగా అంచు, తలమీద మూట. నలుగురు స్త్రీలు వరుసగా పోవుచుండిరి. వారిని దాటిన కొంతదూరమున ఒక ట్రాలీ నిలిచియుండెను. దాని వెనుక ఏ గుర్తును లేదు. మేము దానిని చూచుటకు కారణము దాని టైర్ల మీద పడిన వెలుగు.

మరుసటి ఆదివారము మా కోడలు ఎఱ్ఱని మెరుపు అంటుపట్టీ చుట్ట యొకటి కొనితెచ్చినది. వాహనముల వెలుగు పడినప్పుడు అది దీపమువలె తిరిగి మెరయును. విద్యుత్తుతో పనిలేదు, తీగ తెగునను భయము లేదు. జానెడేసి ముక్కలుగా కత్తిరించి, సంతకు వచ్చిన ట్రాలీల వెనుక చెక్కలకును, ఎడ్లబండ్ల చక్రముల చుట్టును, సైకిళ్ల మడ్‌గార్డులకును అంటించుటకు మొదలుపెట్టినది. ఒక బండి యజమాని డబ్బులెంతయని అడిగెను. ఇంకొకడు ఇది ఏ పార్టీదని అడిగెను. మూడవవాడు తన ఎద్దుల కొమ్ములకు కూడ అంటింపుమనెను, అంటించినది. చుట్ట అయిపోయినది, ఇంకొకటి తేవలెను.